మూగచిత్రముల బహురూపి

అభినయము ఆంగికము, వాచికము, ఆహార్యము, సాత్త్వికము అని నాలుగు విధములని మన నాట్యశాస్త్రము చెప్పుచున్నది. మూగచిత్రముల కాలమున నటునకు వాచికము లేదు. తక్కిన మూటితోడనే పని నెఱవేర్చుకొనవలసి యుండెను. నాయకపాత్ర ధరించువానికి సుందరమగు ముఖమొకటి యున్న జాలును. ముసలివాడు, కుంటివాడు, దొంగ, విదూషకుడు మున్నగు వేషములు కట్టువానికి ఆ యండయు లేదు. సొంత ముఖమును మఱుగుపఱచి వేఱొక ముఖమును తెచ్చుకొనుటయే అతని జీవనోపాధి. మన పల్లెలలో పగటివేషగాండ్రను చూచినవారికి ఈ విద్య క్రొత్తది గాదు. అమెరికా చలనచిత్రములలో దీని పరాకాష్ఠ నందుకొనినవాడు లాన్ చేనీ. "వేయి ముఖముల మనిషి" యని అతనికి బిరుదు. ఆ ముఖములను గూర్చి వ్రాసినవారు పెక్కురు. ఆ విద్య అతని కెచ్చట నబ్బెనో యెఱిగినవారికి ఆ వేషములు మఱియొక తీరున కానవచ్చును.

1883 ఏప్రిల్ 1వ తేదీని కొలరాడో స్ప్రింగ్స్ పట్టణమున నతడు జన్మించెను. తల్లిదండ్రు లిరువురును బధిరులు. తండ్రి క్షురకవృత్తితో కుటుంబమును పోషించెను. 1874లో ఆ ప్రాంతమున బధిరులకు పాఠశాల నెలకొల్పినవాడు మాతామహుడే. బాలుడు నాలుగవ తరగతిలో నుండగా తల్లి కీళ్లవాతముచే మంచము పట్టెను. అతడు చదువు మాని యామెకు పరిచర్య చేయుచు, వీధిలో తాను చూచివచ్చిన సంగతులను చేతులతోను, కనుబొమలతోను, నడకతోను ఆడి చూపుచుండెను. వినజాలని ఆ తల్లికి లోకవార్త యంతయు కుమారుని మేనినుండియే రావలెను. ఇంతకంటె కఠినమైన శిక్షణమును ఏ నాటకసమాజమును ఇయ్యజాలదని మా యభిప్రాయము.

పిమ్మట నాటకశాలలో సామానులు మోయుటతో ప్రారంభించి, 1902లో వేషము కట్టి, సంచారసమాజములతో ఊరూర తిరిగెను. 1905లో గాయని యగు క్లీవా క్రైటన్‌ను వివాహమాడెను. ఆ సంసారము పొసగలేదు. 1913లో ఆమె లాస్ ఏంజిలిస్‌లో నాటకశాలయందే విషము త్రాగెను. ప్రాణము దక్కినది, పాటపాడు కంఠము పోయినది. ఆ యపవాదుతో రంగస్థలము చేనీకి దూరమాయెను. నాటకములవారు అప్పట్లో చిన్నచూపు చూచు చలనచిత్రములలో కుదిరి, యూనివర్సల్ సంస్థవారియొద్ద అయిదేండ్లలో సుమారు నూఱు చిత్రములలో చిల్లర వేషములు వేసెను. వారమునకు 125 డాలరులు కోరగా, నీ వెన్నటికిని నూఱు డాలరులకు మించి చేయవని నిర్వాహకుడు బదులు చెప్పెనని ప్రసిద్ధి. చేనీ ఆ కొలువు మానుకొనెను.

1919లో "ది మిరకిల్ మాన్" అను చిత్రముతో దశ తిరిగెను. దొంగల ముఠాలో "కప్ప" యను మారుపేరుగల వంచకుని పాత్ర అతనిది. కాలుసేతులు మెలివడిన వికలాంగునివలె జనసమూహము నడుమ ప్రాకుచు ఒక వృద్ధ మహాత్ముని యెదుటకు పోయి, ఒక్కొక్క యంగమును మెల్లగా విప్పుకొని నిటారుగా నిలువబడును. అంతయు కపటమే. అయినను దానిని చూచి, నిజముగ కుంటివాడైన బాలుడొకడు ఊతకఱ్ఱలు పారవైచి నడచి వచ్చును! ఆ చిత్రమునందు నేడు మిగిలినవి కొన్ని తునకలు మాత్రమే. ఈ ఘట్టము ఆ తునకలలో నుండుట మన భాగ్యము.

మఱుసటి యేడు "ది పెనాల్టీ"లో రెండు కాళ్లును తెగిన దొంగనాయకుడాయెను. పిక్కలను వెనుకకు మడచి తొడలకు బిగించి కట్టి, మోకాళ్లను తోలుతొడుగులలో నుంచి వానిమీదనే నడచెను. నొప్పికి తాళలేక కొన్ని నిమిషముల కొకసారి కట్లు విప్పవలసి వచ్చుచుండెను. 1923లో విక్టర్ హ్యూగో నవలలోని నోటర్‌డామ్ గూనివాడు, 1925లో పారిస్ సంగీతశాల నేలమాళిగలో దాగియుండు భూతాకారుడు అందఱెఱిగినవే. ఆ గూని బరువును ప్రచారకర్తలు పెంచి చెప్పిరి గాని, శ్రమ మాత్రము నిజము. ఈ ముఖముల నన్నిటిని అతడు తన చేతులతోనే దిద్దుకొనెను. 1929 నాటి బ్రిటానికా విజ్ఞానసర్వస్వము చిత్రనటుల ముఖరచనను గూర్చి ఇతనిచేతనే వ్రాయించినది.

బధిరుల బిడ్డయై యుండి, అంగవైకల్యమును భయంకరముగ చూపి ధనమార్జించుట తగునా యని యడుగువా రుందురు. ప్రశ్న న్యాయమైనదే. అధములని లోకము త్రోసివేసినవారిలోను ఆత్మత్యాగ మొనర్చు శక్తి యుండునని గుర్తుచేయుటయే తన కోర్కె యని 1925లో అతడొక పత్రికకు వ్రాసెను. గూనివాని కన్నులను చూచినవారు ఆ మాట నమ్ముదురు. చీనావారి వేషములను మాత్రము మేము మెచ్చజాలము. 1927లో "మిస్టర్ వూ" చిత్రమున తాతయు మనుమడును తానే యాయెను. చీనా కన్య పాత్ర ఫ్రెంచి నటి రెనే అడోరేకు దక్కెను. చీనా సంతతికి చెంది అమెరికాలో పుట్టిన అన్నా మే వాంగ్ అదే చిత్రములో చిన్న వేషముతో తృప్తినందవలసి వచ్చెను. నేర్పు చేనీది, అన్యాయము ఆ పరిశ్రమది. అందు అతనికిని పాలు గలదు.

రంగులేవియు పూయని సొంత ముఖముతో 1926లో నావికాసైనికుల సార్జెంటుగ నటించి, ఆ దళమువారిచే గౌరవసభ్యుడుగ స్వీకరింపబడెను. 1927 నాటి "లండన్ ఆఫ్టర్ మిడ్‌నైట్" చిత్రపు చివరి ప్రతి 1965లో మెట్రో గోల్డ్‌విన్ మేయర్ గిడ్డంగిలో కాలిపోయినది. అతని చిత్రములలో అధికభాగము ఇట్లే నశించినవి.

ఇంతలో వాక్చిత్రములు వచ్చినవి. చేనీ వెనుదీసి, తుదకు 1930లో, 1925లో మూగచిత్రముగ తాను నటించిన "ది అన్‌హోలీ త్రీ"ని మరల వాక్చిత్రముగ నటించెను. అందు అయిదు కంఠములు పలికి, అవన్నియు తనవేయని ప్రమాణపత్రముపై సంతకము చేసెను. నాలుగవ విధమగు అభినయముకూడ చేతికి వచ్చినది. అప్పటికే ఊపిరితిత్తులలో పుండు ముదిరియుండెను. చిత్రము వెలువడిన కొలది వారములకే, ఆగష్టు 26వ తేదీని, 47వ యేట మరణించెను. తుది దినములలో గొంతున రక్తస్రావమై మాట పడిపోగా, చిన్ననాడు తల్లితో మాటాడిన చేతిసైగలతోడనే కావలసినవి అడుగుచుండెను.

నావికాసైనికులు అంత్యక్రియలయందు గౌరవవందన మొసగిరి. అతని రంగులపెట్టె లాస్ ఏంజిలిస్ కౌంటీ ప్రకృతిశాస్త్ర ప్రదర్శనశాలకు చేరినది. గ్లెండేల్‌లోని సమాధిగూటిపై పేరు చెక్కలేదు.