చెరిపేయకండి, పక్కన పెట్టండి



వికారాబాద్ హాస్టల్‌లో ఉండి చదువుకున్న నేను తాండూరులో ఇళ్ల ప్లాన్లు గీసే ఒక చిన్న ఆఫీసులో మొదటి ఉద్యోగంలో చేరాను. గదికి ఎన్ని తాండూరు బండలు పడతాయో లెక్క చెప్పే ప్రోగ్రాం ఒకటి అక్కడ ఉండేది. అది ఆటోక్యాడ్‌లో నడిచే ఆటోలిస్ప్ భాషలో రాసింది. ఒకరోజు లెక్క తప్పు వచ్చింది. అనుమానం వచ్చిన పది లైన్లు చెరిపేసి, సేవ్ చేసి, ఫైలు మూసేశాను. తీరా చూస్తే తప్పు అక్కడ లేదు. చెరిపినవి తిరిగి రాలేదు. తెల్లారితే మేస్త్రీకి డ్రాయింగ్ ఇవ్వాలి. ఆ రాత్రంతా కాగితం మీద లెక్కలు వేసుకుంటూ కూర్చున్నాను. ఆ తప్పు మీరు చేయకూడదనే ఈ వ్యాసం.

మన హాస్టల్‌లో ఒకడు పండుగకు ఊరికి పోతే రిజిస్టర్‌లో పేరు కొట్టేయరు కదా! పక్కన గుర్తు పెడతారు. పేరు ఉంటుంది, ఆ పూట వాడికి బియ్యం మాత్రం కొలవరు. ప్రోగ్రాంలో దీన్నే 'కామెంట్ చేయడం' అంటారు. కోడ్ ఫైలులోనే ఉంటుంది, కంప్యూటర్ దాన్ని లెక్కలోకి తీసుకోదు.

లిస్ప్‌ను 1958లో అమెరికాలో జాన్ మెకార్తీ రూపొందించారు. 1986లో అది ఆటోలిస్ప్ రూపంలో ఆటోక్యాడ్‌లోకి వచ్చింది. ఇందులో అంతా బ్రాకెట్ల మీదే నడుస్తుంది. 20 అడుగుల పొడవు, 12 అడుగుల వెడల్పు గదికి 2 అడుగుల చదరపు బండలు, పగిలేవాటికి మరో 5 కలిపి:

(+ (/ (* 20 12) (* 2 2))
5)

జవాబు 65. ఇప్పుడు ఆ 5 వద్దనుకుందాం. సెమికోలన్ పెడితే అక్కడి నుంచి లైను చివరి దాకా కామెంట్ అవుతుంది. కానీ రెండో లైను ముందు సెమికోలన్ పెడితే 5తో పాటు మూసే బ్రాకెట్ కూడా పోతుంది, ప్రోగ్రాం లోడ్ కాదు. కొత్తవాళ్లు ఎక్కువగా పడేది ఇక్కడే. అందుకే 5 వరకే ఇలా కట్టేయాలి:

(+ (/ (* 20 12) (* 2 2))
;| 5 |; )

జవాబు 60. సెమికోలన్, నిలువు గీతతో మొదలై, నిలువు గీత, సెమికోలన్‌తో ముగిసే ఈ పద్ధతి ఎన్ని లైన్లకైనా పనిచేస్తుంది. కామన్ లిస్ప్‌లో మాత్రం ఇందుకు #| |# వాడతారు.

పెద్ద భాగమైతే తెరిచిన బ్రాకెట్ నుంచి దాని జత బ్రాకెట్ వరకు పూర్తిగా సెలెక్ట్ చేయండి. విజువల్ లిస్ప్ ఎడిటర్‌లో 'కామెంట్ బ్లాక్' బటన్ నొక్కితే ప్రతి లైను ముందు మూడు సెమికోలన్లు పడతాయి, 'అన్‌కామెంట్' నొక్కితే పోతాయి. ఈమ్యాక్స్‌లో ఆల్ట్, సెమికోలన్ మీటలు, విఎస్ కోడ్‌లో కంట్రోల్, స్లాష్ మీటలు కలిపి నొక్కాలి. మళ్లీ నొక్కితే కోడ్ మామూలుగా అవుతుంది.

ఇంకొక్క మాట. పక్కన పెట్టినప్పుడు తేదీ, కారణం పైన ఒక లైను రాయండి. పని తేలాక అనవసరమైనది తీసేయండి. లేకపోతే మీ తర్వాత వచ్చేవాడికి ఏది పనిచేసే కోడో, ఏది కాదో తెలియదు.

సందేహాలుంటే వార్షికోత్సవం రోజున అడగండి. ల్యాప్‌టాప్ తెస్తాను, కూర్చుని చేసి చూద్దాం.