అరచేతి యంత్రము – తాళపు బలము

తాళపుచెవుల గుత్తి చేజిక్కినవాడు, ఏ చెవి సరిపోవునో తెలియకున్నను, ఒక్కొక్కదానినే త్రిప్పి చూచి తుదకు తాళము తీయగలడు. ఇందులకు వలయునది తెలివి కాదు, ఓర్పు. రహస్యసంకేతముల విషయమున ఇట్టి ప్రయత్నమును ‘బ్రూట్ ఫోర్స్’ దాడి యందురు. మనుష్యునకు లేని ఓర్పు యంత్రమునకు కలదు. ఫ్లిప్పర్ జీరో వంటి అరచేతి యంత్రములు రేడియో సంకేతములను పంపగలవు. వీనికి లొంగని తాళము లేదని కొందరు భయపడుదురు. ఆ భయ మెంతవరకు నిజము?

అమెరికాలో కారుకొట్టముల తలుపులను దూరమునుండి తెరచు పాత పరికరములు కొన్నింటిలో 8 మొదలు 12 వరకు చిన్న మీటలుండును. ప్రతి మీటయు పైకో క్రిందికో యుండును గావున, 12 మీటలకు అమరికలు 4,096 మాత్రమే. 2015లో సామీ కామ్‌కర్ అను భద్రతాపరిశోధకుడు ఒక పిల్లల ఆటవస్తువును మార్చి ఇట్టి తలుపులను పరీక్షించెను. సంకేతములన్నిటిని మామూలుగా పంపుటకు 29 నిమిషములు పట్టును. అతడు పునరుక్తులను, నడిమి విరామములను తొలగించి, సంకేతములను ఒకదానిలో నొకటి కలిపి, దాదాపు 8 సెకండ్లలో ఆ పని ముగించెను.

ఆ కలుపుట యెట్టిదో ఛందస్సు చదివినవారికి సులభముగా బోధపడును. మూడక్షరముల గణములు ఎనిమిదింటిని విడివిడిగా వ్రాసినచో 24 అక్షరములగును. ‘యమాతారాజభానసలగం’ అను సూత్రమున నున్నవి పదియే. అయినను ‘యమాతా’ యగణము, ‘మాతారా’ మగణము, ‘తారాజ’ తగణము – ఇట్లు ఒక్కొక్క అక్షరము జరిగినకొలది ఎనిమిది గణములును లభించును. ఆ పాత తలుపులును సంకేతము మొదలెక్కడనో విచారింపక, పాత అంకెను విడిచి క్రొత్తదానిని చేర్చుకొని సరిచూచుచుండెను. వాని బలహీనత అదియే.

ఈ నేర్పునకును హద్దు కలదు. మీట యొకటి పెరిగినకొలది అమరికలు రెట్టింపగును. 32 మీటలైనచో అవి 429 కోట్లు దాటును. సెకండునకు పదేసి చొప్పున పరీక్షించినను 13 ఏండ్లకు పైగా పట్టును. అనేకమగు క్రొత్త పరికరములలో మీట నొక్కిన ప్రతిసారియు సంకేతమే మారిపోవును. బ్యాంకు కార్డు రహస్యసంఖ్యకు అంకెలు నాలుగే, అమరికలు 10,000 మాత్రమే. అయినను సామాన్యముగా మూడు తప్పులకే కార్డు నిలిచిపోవును. తప్పులను లెక్కించు తాళమునెదుట ఓర్పు నిష్ఫలము.

కావున యంత్రమునకు బలమిచ్చునది తాళము చేసినవాని అజాగ్రత్తయే. కామ్‌కర్ తన పద్ధతిని లోకమునకు వెల్లడించునపుడు, దొంగల కక్కరకు రాకుండ అందు బుద్ధిపూర్వకముగా కొంత లోపము నుంచెను. తలుపు బలహీనతను కనుగొన్నవాని ధర్మము ఇంటివానిని మేల్కొలుపుట; లోనికి చొరబడుట కాదు.