డాక్టరు గారు రాసిన మందుచీటీ

రాజకీయాల్లోకి దిగిన డాక్టర్లు మనకు కొత్త కాదు. బెంగాలును చాలాకాలం ఏలిన బి.సి. రాయ్ గారు మా వృత్తివారే. అయితే ఆస్పత్రిలో చూసినదాన్నే రాజకీయంగా మలచుకున్నవారు అనగానే మాకు ముందు గుర్తొచ్చేది చిలీ దేశపు డాక్టర్ సాల్వడార్ అయెండే.

ఆయన 1908లో పుట్టారు. విద్యార్థిగా ఉండగానే ప్రభుత్వాన్ని ఎదిరించి జైలుకెళ్ళారు. దాంతో 1933లో పట్టా చేతికొచ్చినా ఉద్యోగమిచ్చేవారు కరువయ్యారు. చివరికి వాల్‌పరైసో రేవుపట్నంలో ఎవరూ కోరని పని దొరికింది - శవపరీక్షలు. పదిహేను వందలు చేశానని తర్వాత చెప్పుకునేవారు. మేమూ చదువుకునే రోజుల్లో మార్చురీలో నిలబడ్డవాళ్ళమే. మరణకారణం దగ్గర క్షయ అని రాస్తాం. ఇరుకు గది, అరకడుపు తిండి అని రాయడానికి ఆ కాగితంలో గడి ఉండదు. అయెండే ఆ రాయనిదంతా పుస్తకంగా రాశారు. 1939లో, ముప్ఫయ్యొకటో ఏట ఆరోగ్యమంత్రి అయినప్పుడు వెలువడిన ఆ గ్రంథంలో బాలింతల, పసిబిడ్డల మరణాల పక్కనే కూలి రేట్లు, ఇళ్ళ లెక్కలు ఉన్నాయి.

1952లో ఏర్పడ్డ జాతీయ ఆరోగ్య సర్వీసు వెనక సెనేటరుగా ఆయన కృషి ఉంది. అధ్యక్షపదవికి మాత్రం 1952, 1958, 1964లలో వరసగా ఓడారు. తన సమాధి మీద 'కాబోయే అధ్యక్షుడు' అని చెక్కించాలని ఆయనే హాస్యమాడేవారు. 1970లో 36 శాతం పైచిలుకు ఓట్లతో గెలిచారు. పిల్లలకు, గర్భిణులకు, బాలింతలకు రోజూ అర లీటరు పాలు పథకం పెట్టారు. మార్చురీలో నేర్చిన వైద్యమంటే అదీ!

ఆయన ఆర్థిక విధానాలన్నిటికీ మేము వకాల్తా పుచ్చుకోవడం లేదు. 1973లో ధరల పెరుగుదల 300 శాతం దాటింది. సరుకులు దొరకలేదు. అటు నిక్సన్ ప్రభుత్వం ఆయన్ను నిలవనివ్వకూడదని మొదట్నుంచీ ప్రయత్నించింది. మాకు మింగుడుపడనిది మరొకటి. వైద్యుల సంఘాన్ని నిలబెట్టి, దానికి అధ్యక్షత వహించినవారు అయెండే. 1972 అక్టోబరులో లారీ యజమానులు సమ్మెకట్టినప్పుడు డాక్టర్లలో చాలామంది వారితో చేరారు. 1973లో మళ్ళీ చేరారు. కొందరు మాత్రం ఆస్పత్రులు వదలకుండా పనిచేశారు. ఆ రోజుల్లో అక్కడ ఉంటే మనం ఏ వరసలో నిలబడేవాళ్ళమో!

1971లో ఇటలీ దర్శకుడు రొసెలీనీ ఆయన్ను సావకాశంగా కూర్చోబెట్టి మాట్లాడించి చిత్రం తీశారు. అందులో నాయకుడికన్నా, రోగికి జబ్బు విడమరిచి చెప్పే డాక్టరే కనబడతారు. పత్రీసియో గుస్మాన్ మూడు భాగాలుగా తీసిన 'చిలీ పోరాటం'లో వీధులు, సభలు, సమ్మెలు ఉంటాయి. 1973 సెప్టెంబరు 11న సైన్యం అధ్యక్ష భవనం మీద బాంబులు వేసింది. అయెండే లోపలే ప్రాణం తీసుకున్నారు. 2011లో జరిపిన రీపోస్టుమార్టం ఆ సంగతి ధ్రువపరిచింది. పదిహేను వందల శవాలు కోసిన మనిషి చివరికి ఆ బల్ల మీదికే చేరారు.

గుస్మాన్ రీళ్ళు దొంగచాటుగా దేశం దాటాయి. కెమెరా పట్టిన హోర్హె ముల్లర్‌ను 1974లో పట్టుకుపోయారు, తిరిగి రాలేదు. చిలీ ప్రజలు ఆ చిత్రాన్ని తమ టెలివిజన్‌లో చూసింది 2021లో.