మీకు తెలుసా? అగ్గిపుల్ల లేకుండానే అంటుకునే గుడ్డలు

చెక్కకు పూసే ఆయిల్ స్టెయిన్ మిగిలినప్పుడు డబ్బా కన్నా ముందు చూడాల్సింది తుడిచిన గుడ్డల సంగతి. చాలా స్టెయిన్లలో ఉండే అవిసె నూనె ఆరేటప్పుడు గాలిలోని ఆక్సిజన్‌తో కలిసి వేడి పుట్టిస్తుంది. గుడ్డలు కుప్పగా పడి ఉంటే ఆ వేడి బయటికి పోలేక, నిప్పురవ్వ లేకుండానే మంట లేవవచ్చు. 1991లో అమెరికాలోని ఫిలడెల్ఫియాలో 38 అంతస్తుల వన్ మెరిడియన్ ప్లాజా ఇలాంటి గుడ్డల వల్లే తగలబడింది. ముగ్గురు అగ్నిమాపక సిబ్బంది మరణించారు. గుడ్డలను ఆరుబయట విడివిడిగా పరిచి, పూర్తిగా గట్టిపడ్డాకే పారేయాలి. మిగిలిన స్టెయిన్‌ను సింకులోనో మురుగు కాలువలోనో పోయకూడదు. బాగుంటే వడ్రంగికి ఇవ్వడం మేలు. ఇక డబ్బా సంగతికి వస్తే, పెయింటు డబ్బాలను మన దేశంలో 2016 నాటి ఘన వ్యర్థాల నిబంధనలు ఇంటి ప్రమాదకర చెత్తగా లెక్కించాయి. వాటిని తడి, పొడి చెత్తలతో కలపకుండా విడిగా అప్పగించాలి.