బరాకులో నోటుబుక్కు

శంషాబాద్ విమానాశ్రయం గేట్ల దగ్గర తుపాకులతో నిలబడే సీఐఎస్‌ఎఫ్ జవాన్లను మన హాస్టల్ పిల్లలు చూస్తూనే ఉంటారు. వాళ్లు పరీక్ష రాసి, పరుగులో నెగ్గి, కోరి చేరినవాళ్లు. గోల్కొండ ఆర్టిలరీ సెంటర్లో శిక్షణ పొందే కుర్రాళ్లూ అంతే. మన దేశంలో నిర్బంధ సైనిక సేవ లేదు. 2022లో వచ్చిన అగ్నిపథ్‌లో కూడా ఇష్టమున్నవాళ్లే చేరతారు. అమెరికాలో అలా కాదు. 1940 నుంచి 1973 వరకు, మధ్యలో కొద్దికాలం తప్ప, ప్రభుత్వం పిలిస్తే కుర్రాళ్లు వెళ్లి తీరాలి.

అలాంటి కుర్రాళ్ల మీద 1988లో వచ్చిన హాస్య చిత్రం ‘బిలాక్సీ బ్లూస్’. నీల్ సైమన్ తన నాటకాన్నే సినిమాకు రాశాడు. దర్శకుడు మైక్ నికొల్స్. సైమన్ కూడా కుర్రతనంలో సైన్యంలో పనిచేసినవాడే. కథ రెండో ప్రపంచ యుద్ధం నాటిది. యూజీన్ అనే బ్రూక్లిన్ కుర్రాడు రైలెక్కి మిసిసిపీ రాష్ట్రంలోని బిలాక్సీ శిబిరానికి వస్తాడు. ఒకే బరాకు, వరసగా మంచాలు, ఒకే మెస్సు, నెత్తిన ఒక కరకు సార్జెంటు. యుద్ధం దాదాపు కనిపించదు.

మరి నవ్వు ఎక్కడ పుడుతుంది? ఒకరినొకరు ఎంచుకోని వాళ్లను ఒకే గదిలో పడేస్తే పుడుతుంది. మిత్రులారా, ఇది మనకు విడమరచి చెప్పాలా! ట్రంకు పెట్టెల సందుల్లో పడుకున్నవాళ్లం. పక్కవాడి గురక, వాడి ఊరి యాస, మెస్సులో నీళ్ల చారు, వార్డెన్ సారు నడక... వీటి మీద ఎన్ని జోకులు వేసుకోలేదు?

యూజీన్ రచయిత కావాలనుకుంటాడు. తోటివాళ్ల గురించి నోటుబుక్కులో రాసుకుంటూ ఉంటాడు. ఒకరోజు అది మిగతావాళ్ల చేతికి చిక్కుతుంది, పైకి చదివేస్తారు. ఎప్‌స్టీన్ అనే కుర్రాడు మగవాళ్లను ఇష్టపడేవాడేమోనని అందులో ఒక అనుమానం రాసి ఉంటుంది. ఆ రోజుల్లో సైన్యంలో అది జైలుకు పంపే నేరం. అది వట్టి ఊహే, కానీ కాగితం మీద ఉంది కాబట్టి అందరూ నమ్మేస్తారు. తర్వాత పట్టుబడినది ఇంకో కుర్రాడు. నా దృష్టిలో సినిమాకు ప్రాణం ఈ ఘట్టమే. అంతవరకు మనల్ని నవ్వించిన నోటుబుక్కే ఇక్కడ భయపెడుతుంది.

నేను తొమ్మిదో తరగతిలో ఉండగా హాస్టల్ గోడపత్రికకు ఒక హాస్య వ్యాసం రాశాను. గదిలో సబ్బులు మాయమవుతున్నాయనీ, ఫలానావాడి పెట్టె మాత్రం ఘుమఘుమలాడుతోందనీ. పేరు రాయలేదు గానీ వాడి ఊరు రాశాను. చూసింది లేదు, నవ్వొస్తుందని రాశాను, అంతే. అందరూ పడీపడీ నవ్వారు. వాడు దసరా సెలవులకు వెళ్లి రెండు వారాలు ఆలస్యంగా వచ్చాడు. వచ్చాక వాళ్ల నాన్న కొనిచ్చిన సబ్బును అందరికీ కనపడేలా కిటికీలో పెట్టుకున్నాడు. పదో తరగతి అయ్యేదాకా అది అక్కడే ఉంది.

ఈ సంచికకు పంపేముందు వాడికి ఫోన్ చేసి ఇదంతా చదివి వినిపించాను. కాసేపు ఏమీ అనలేదు.

"ఈసారి ఊరు కూడా రాయలేదు కదరా?" అన్నాడు.

రాయలేదన్నాను.