జనగణనలో జాతి: అమెరికా జనాభా లెక్కల్లో భారతీయుల స్థానం – ఒక పరిశీలన

వ్యాససంగ్రహం:

జనగణన మనుషులను లెక్కించే ప్రక్రియగానే సాధారణంగా గుర్తింపు పొందింది. లెక్కించడానికి ముందు మనుషులను వర్గాలుగా విభజించవలసి ఉంటుంది. ఆ విభజన ఎవరు చేశారు, ఏ ప్రయోజనం కోసం చేశారు అన్న ప్రశ్నలు అంకెల వెనుక మరుగున పడుతుంటాయి. 1790 నుంచి 2020 వరకు అమెరికా జనగణనలో జాతి వర్గీకరణ మారిన తీరును, అందులో భారతీయుల స్థానం మారిన క్రమాన్ని ఈ వ్యాసం వివరిస్తుంది. తెలుగునేలపై జనగణన సందర్భంగా జరిగిన గుర్తింపు పోరాటాలతో దానికున్న పోలికను సూచిస్తుంది.

కీలకపదాలు: జనగణన, జాతి, వర్గీకరణ, ఎన్యూమరేటరు, భారతీయ వలస, ఆది ఆంధ్ర, ఆది హిందూ.

1. ప్రవేశిక

2020లో అమెరికా జనగణన పత్రం అందుకున్న తెలుగు కుటుంబం జాతిని అడిగే ప్రశ్న దగ్గర ‘ఏషియన్ ఇండియన్’ అన్న గడిలో గుర్తు పెట్టి ఉంటుంది. ఆ కుటుంబమే 1970లో అక్కడ ఉండి ఉంటే శ్వేతజాతీయుల లెక్కలో చేరేది. 1960లో అయితే ‘ఇతరులు’ అనే వరుసలోకి వెళ్లేది. 1930లో అయితే, మతం ఏదైనా సరే, జాతి ‘హిందూ’ అని నమోదయ్యేది. మనిషి రూపురేఖల్లోగాని, పుట్టుకలోగాని ఏ మార్పూ లేదు. మారింది పత్రంలోని గడి మాత్రమే.

తెలుగులో ‘జాతి’ అన్న మాటకు అర్థవిస్తృతి ఎక్కువ. భారతజాతి అన్నప్పుడు దేశప్రజలు, తెలుగుజాతి అన్నప్పుడు భాషాసమూహం, పక్షిజాతి అన్నప్పుడు ప్రాణివర్గం స్ఫురిస్తాయి. కొన్ని సందర్భాలలో కులానికి కూడా ఇదే మాట వాడుక. అమెరికా జనగణన అడిగే ‘రేస్’ వీటిలో దేనితోనూ పూర్తిగా సరిపోదు. శరీరవర్ణం, పూర్వుల దేశం, సామాజిక హోదా కలగలిసిన భావన అది. ఈ వ్యాసంలో ‘జాతి’ అన్న పదం ఆ అర్థంలోనే ప్రయుక్తమైంది.

2. లెక్క వెనుక రాజ్యాంగం

1787లో రూపొందిన అమెరికా రాజ్యాంగం పదేళ్లకొకసారి జనాభాను లెక్కించాలని నిర్దేశించింది. ప్రతినిధుల సభలో ఏ రాష్ట్రానికి ఎన్ని స్థానాలు దక్కాలో ఆ లెక్కే తేల్చాలి. బానిసలను లెక్కలో చేర్చాలా వద్దా అన్న వివాదం అక్కడే మొదలయింది. బానిసలకు ఓటుహక్కు ఇవ్వని దక్షిణాది రాష్ట్రాలు, ప్రాతినిధ్యం విషయానికి వచ్చేసరికి వారిని పూర్తిగా లెక్కించాలని కోరాయి. చివరకు బానిసల సంఖ్యలో అయిదింట మూడు వంతులను లెక్కలోకి తీసుకోవాలని రాజీ కుదిరింది. పన్ను కట్టని ఇండియన్లను, అనగా ఆ నేల మూలవాసులను, లెక్క నుంచే తప్పించారు.

1790 నాటి తొలి జనగణన పట్టిక ఈ రాజీకి అద్దం పడుతుంది. పదహారేళ్లు నిండిన స్వేచ్ఛాయుత శ్వేతపురుషులు, ఆలోపు వయసున్న శ్వేతబాలురు, శ్వేతస్త్రీలు, ఇతర స్వేచ్ఛాయుత వ్యక్తులు, బానిసలు అని అందులో అయిదు వరుసలున్నాయి. మొత్తం జనాభా సుమారు 39 లక్షలు. వారిలో దాదాపు 7 లక్షల మంది బానిసలు. జాతిని గురించిన శాస్త్రచర్చ ఏదీ ఈ వరుసలకు ఆధారం కాదు. ఓటు, సైన్యం, ఆస్తి అన్న మూడు అవసరాలే వాటిని నిర్ణయించాయి.

3. ఎన్యూమరేటరు చూపు

1850 నుంచి ఇంటి యజమానితోపాటు స్వేచ్ఛాయుతులైన ప్రతి ఒక్కరి పేరునూ విడిగా రాయడం మొదలయింది. బానిసలకు మాత్రం వేరే పట్టిక ఉండేది. అందులో యజమాని పేరు కింద బానిసల వయసు, లింగం, వర్ణం మాత్రమే నమోదయ్యేవి. సాధారణంగా వారి పేర్లకు చోటుండేది కాదు. తమ పూర్వుల కోసం ఆ పత్రాలు వెతికే నల్లజాతీయులకు నేటికీ ఎదురవుతున్న ఖాళీ అదే.

‘ములాటో’ అనే మిశ్రమవర్గం కూడా 1850లోనే ప్రవేశించింది. 1890 నాటికి ఈ విభజన మరింత సూక్ష్మమయింది. నల్లజాతి రక్తం నాలుగింట మూడు వంతులు లేదా అంతకు మించి ఉన్నవారు నల్లవారు. ఎనిమిదింట మూడు నుంచి అయిదు వంతులున్నవారు ములాటోలు. నాలుగో వంతు ఉన్నవారు క్వాడ్రూన్లు. ఎనిమిదో వంతుగాని, లేశమాత్రంగాని ఉన్నవారు ఆక్టొరూన్లు అని ఎన్యూమరేటర్లకు ఆదేశాలు వెళ్లాయి. గుమ్మం ముందు నిలబడి ఒక మనిషి ముత్తాతల రక్తంలో పాళ్లు ఎలా తేల్చాలో ఆ ఆదేశాలు చెప్పలేదు. హోలరిత్ రూపొందించిన పంచ్‌కార్డు యంత్రాలు తొలిసారి జనగణనకు ఉపయోగపడింది కూడా ఆ ఏడాదే. ఊహించి రాసిన వివరాలను యంత్రం అతివేగంగా కూడిపెట్టింది. యంత్రం కూడినంత మాత్రాన ఊహ వాస్తవం కాజాలదు. తరువాతి జనగణనలో క్వాడ్రూన్, ఆక్టొరూన్ వర్గాలు కనిపించకుండా పోయాయి.

1930లో ములాటో వర్గం కూడా శాశ్వతంగా తొలగిపోయింది. నల్లజాతి రక్తం ఎంత స్వల్పంగా ఉన్నా ఆ వ్యక్తిని నల్లజాతీయునిగానే నమోదు చేయాలన్న నియమం వచ్చింది. జాతులను వేరుగా ఉంచే చట్టాలు దక్షిణాదిలో బలంగా అమలవుతున్న కాలమది. విద్యాలయంలోనూ రైలుపెట్టెలోనూ రెండే విభాగాలున్న సమాజానికి మధ్యస్థ వర్గం అనవసరమయింది. అదే ఏడాది మెక్సికన్లను ప్రత్యేక జాతిగా లెక్కించారు. మెక్సికో ప్రభుత్వం, మెక్సికన్ అమెరికన్ల సంఘాలు అభ్యంతరం తెలపడంతో 1940లో వారు మళ్లీ శ్వేతజాతీయుల లెక్కలో చేరారు. వర్గీకరణలో రాజకీయ ఒత్తిడి పనిచేస్తుందనడానికి ఇది స్పష్టమైన నిదర్శనం.

4. జాతిపేరుగా ‘హిందూ’

ఇరవయ్యో శతాబ్ది తొలినాళ్లలో అమెరికా పశ్చిమతీరానికి వలస వెళ్లిన భారతీయులలో అత్యధికులు పంజాబ్ నుంచి వెళ్లిన సిక్కు రైతులు. వారితోపాటు ముస్లింలు, కొద్దిమంది హిందువులు ఉండేవారు. 1920, 1930, 1940 జనగణనలలో వీరందరికీ ‘హిందూ’ అన్న జాతిపేరు దక్కింది. ఒక మతం పేరు మరో మతస్థునికి జాతిపేరు కావడం ఆనాటి పాలనాయంత్రాంగానికి వింతగా తోచలేదు. భారతదేశం నుంచి వచ్చినవారిని మూలవాసులైన ఇండియన్ల నుంచి వేరుచేసి చూపడమే వారికి ముఖ్యం.

ఈ గడి కేవలం గణాంకాలకు పరిమితం కాలేదు. 1790 నాటి పౌరసత్వ చట్టం ప్రకారం వలసవచ్చినవారిలో స్వేచ్ఛాయుత శ్వేతజాతీయులే పౌరులు కాగలరు. 1870లో ఆఫ్రికన్ సంతతివారికి కూడా ఆ అర్హత లభించింది. మొదటి ప్రపంచయుద్ధ కాలంలో అమెరికా సైన్యంలో పనిచేసిన భగత్‌సింగ్ థింద్, నాటి మానవశాస్త్ర గ్రంథాలు ఉత్తర భారతీయులను కాకేసియన్లుగా పేర్కొన్నాయి గనుక తాను శ్వేతజాతీయుడేనని వాదించాడు. 1923లో సుప్రీంకోర్టు ఆ వాదాన్ని తిరస్కరించింది. శాస్త్రగ్రంథాల వర్గీకరణ ఎలా ఉన్నా, సామాన్యుడు ‘శ్వేతజాతీయుడు’ అన్నప్పుడు ఎవరిని ఉద్దేశిస్తాడో అదే చట్టానికి ప్రమాణమని తీర్పు చెప్పింది. ఆ తీర్పు తరువాత, అప్పటికే పౌరసత్వం పొందిన పలువురు భారతీయులు దాన్ని కోల్పోయారు. భారతీయులకు పౌరసత్వార్హత తిరిగి దక్కింది 1946లో.

5. కలం చేతులు మారిన వేళ

1950, 1960 జనగణనలలో భారతీయులకు ప్రత్యేకమైన గడి లేదు. వారు ‘ఇతర’ జాతులలో కలిశారు. 1960 నుంచి మాత్రం ఒక మౌలికమైన మార్పు మొదలయింది. పత్రాలను తపాలా ద్వారా పంపి, ఇంటివారే స్వయంగా నింపే పద్ధతి అమలులోకి వచ్చి, 1970 నాటికి విస్తృతమయింది. అంతవరకు మనిషి జాతిని ఎన్యూమరేటరు చూపు నిర్ణయించేది. ఇప్పుడు ఆ కలం లెక్కకు వచ్చే మనిషి చేతికి చేరింది. అయితే పత్రంలో ఏయే గడులుండాలో నిర్ణయించే అధికారం ప్రభుత్వం వద్దనే నిలిచింది.

1970లో భారతీయులను శ్వేతజాతీయులలో కలిపి లెక్కించారు. అర్ధశతాబ్దం కిందట కోర్టు నిరాకరించిన పేరు అడగకుండానే వచ్చింది. అప్పటికి దాని ప్రయోజనం తలకిందులయింది. 1960లలో వచ్చిన పౌరహక్కుల చట్టాల తరువాత ఉద్యోగాలలో, వ్యాపారాలలో వివక్షను నిరూపించాలంటే వర్గాలవారీ గణాంకాలు అవసరమయ్యాయి. విడిగా లెక్కలేని సమూహానికి జరిగిన అన్యాయం అంకెలలో కనిపించదు. ఈ కారణంతోనే ‘అసోసియేషన్ ఆఫ్ ఇండియన్స్ ఇన్ అమెరికా’ అనే సంస్థ 1970లలో ప్రత్యేక వర్గం కోసం ప్రయత్నించింది. అల్పసంఖ్యాకులుగా గుర్తింపు పొందితే ఇతర సమూహాల ఆగ్రహానికి గురికావలసి వస్తుందని భారతీయులలోనే కొందరు వ్యతిరేకించారు. ఆ వాదోపవాదాల అనంతరం 1980 జనగణనలో ‘ఏషియన్ ఇండియన్’ అన్న గడి ఏర్పడింది. 2020లో ఆ ఒక్క గడినే ఎంచుకున్నవారి సంఖ్య సుమారు 44 లక్షలు.

ఈ గడిలో తెలుగువారు, పంజాబీలు, గుజరాతీలు అన్న తేడా కనిపించదు. ఇంట్లో మాట్లాడే భాషను అడిగేది పదేళ్లకొకసారి జరిగే జనగణన కాదు. ఏటా కొన్ని కుటుంబాలను ఎంపికచేసి జరిపే అమెరికన్ కమ్యూనిటీ సర్వే. అమెరికాలో తెలుగు మాట్లాడేవారి సంఖ్య అని పత్రికలలో కనిపించే అంకెలకు ప్రధానాధారం ఆ సర్వేయే. కాబట్టి అవి అంచనాలే తప్ప తలలు లెక్కించిన సంఖ్యలు కావు.

6. ప్రశ్న మారితే అంకె మారుతుంది

2000 జనగణన నుంచి ఒకటికి మించిన జాతులను ఎంచుకొనే వీలు కలిగింది. వేర్వేరు జాతుల తల్లిదండ్రులకు పుట్టిన పిల్లలు ఒకరినే ఎంచుకోవలసిన స్థితి ఉండరాదని సాగిన ఉద్యమ ఫలితమిది. ఆ ఏడాది 2.4 శాతం మంది రెండు లేదా అంతకు మించిన జాతులను పేర్కొన్నారు. 2010లో వారు 2.9 శాతం. 2020లో ఏకంగా 10.2 శాతం. పదేళ్లలో ఇంతటి పెరుగుదల వివాహాల వల్లనే రాలేదు. ప్రశ్న రూపాన్ని, సమాధానాలను సంకేతాలుగా మార్చే విధానాన్ని సవరించడం ఇందుకు చాలావరకు కారణమని జనగణన సంస్థే వివరించింది. రెండు జనగణనల అంకెలను పోల్చేటప్పుడు రెండు ప్రశ్నపత్రాలను కూడా పోల్చవలసిన అవసరాన్ని ఇది నొక్కిచెబుతుంది.

7. లెక్కలో చేరడం, లెక్క తప్పడం

లెక్కకు అందనివారి సమస్య మరొకటి. రెండో ప్రపంచయుద్ధ కాలంలో సైన్యం కోసం పేర్లు నమోదు చేసుకున్న యువకుల సంఖ్యను 1940 జనగణనతో పోల్చినప్పుడు, మొత్తం మీద సుమారు 3 శాతం మంది, నల్లజాతీయులలో సుమారు 13 శాతం మంది అదనంగా తేలారు. 2020 జనగణన అనంతర పరిశీలనలో కూడా నల్లజాతీయులు 3.30 శాతం, హిస్పానిక్‌లు 4.99 శాతం తక్కువగా నమోదయినట్లు వెల్లడయింది. హిస్పానికేతర శ్వేతజాతీయులు 1.64 శాతం ఎక్కువగా నమోదయ్యారు. చట్టసభ స్థానాలు, ప్రభుత్వ నిధులు ఈ లెక్కలపై ఆధారపడినవి గనుక లెక్క తప్పినవారు వాటిలోనూ నష్టపోతారు.

లెక్కలో చేరడం కూడా అన్నివేళలా క్షేమకరం కాదు. 1942లో జపనీయ సంతతికి చెందిన సుమారు 1,20,000 మందిని నిర్బంధ శిబిరాలకు తరలించినప్పుడు, వారు ఏయే ప్రాంతాలలో ఎంతమంది ఉన్నారో తెలిపినవి 1940 జనగణన పట్టికలే. ఒకే పట్టిక ఒక కాలంలో హక్కుకు ఆధారంగాను, మరొక కాలంలో నిర్బంధానికి సాధనంగాను పనిచేసింది.

8. తెలుగునేలపై ఒక పోలిక

బ్రిటిష్ ఇండియాలో కులగణన కూడా ఇటువంటి పరిణామాలనే చూసింది. 1901లో రిస్లీ కులాలను సామాజిక హోదా ప్రకారం వరుసపెట్టే ప్రయత్నం చేయగా, తమ స్థానాన్ని మార్చాలని కోరుతూ కులసంఘాల విజ్ఞప్తులు వెల్లువెత్తాయి. ఆ విజ్ఞప్తులలో ఎక్కువ భాగం పై వరుసలో చోటు కోసం సాగినవి. 1917లో బెజవాడలో భాగ్యరెడ్డివర్మ అధ్యక్షతన జరిగిన సభ వేరొక దారి చూపింది. ‘పంచములు’ అన్న పేరును నిరాకరించి ‘ఆది ఆంధ్రులు’ అన్న పేరును స్వీకరించింది. వరుసలో పైమెట్టును కోరకుండా, ఈ నేలకు తొలి వారసులమని ప్రకటించుకున్న పేరు అది. హైదరాబాదు రాజ్యంలో ఆయన సాగించిన కృషి ఫలితంగా 1931 జనగణనలో ‘ఆది హిందూ’ అన్న పేరు నమోదయింది.

అమెరికాలో ‘హిందూ’ అన్నది ఇతరులు పెట్టిన పేరు. హైదరాబాదులో ‘ఆది హిందూ’ అన్నది లెక్కకు వచ్చినవారు తామే ఎంచుకున్న పేరు. ఒకే పదం ఒకే దశకంలో రెండు దేశాల పట్టికలలో రెండు విరుద్ధమైన పనులు చేసింది. పేరు ఎవరి నోటినుంచి వచ్చిందన్నదే ఇక్కడి భేదం.

9. ముగింపు

స్వతంత్ర భారతంలో 1951 నుంచి షెడ్యూల్డు కులాలు, తెగలు మినహా ఇతర కులాల వివరాలను జనగణనలో ప్రకటించలేదు. రాబోయే జనగణనలో కులాన్ని నమోదు చేయాలని కేంద్రం 2025లో నిర్ణయించింది. తెలంగాణ ప్రభుత్వం 2024లోనే ఇంటింటి కులసర్వే చేపట్టింది. ఈ తరుణంలో అమెరికా అనుభవం నుంచి గ్రహించదగిన ప్రశ్నలు మూడు: పత్రంలోని పేర్ల జాబితాను ఎవరు తయారు చేశారు? సమాధానాన్ని ఎవరు రాశారు? ఆ అంకె ఏ అవసరానికి ఉపయోగపడుతుంది?

జాతిగాని, కులంగాని జనగణన సృష్టించినవి కావు. వివక్ష పట్టికలకన్నా ముందే ఉంది. అయితే ఏ వివక్ష అంకెగా బయటపడాలో, ఏది ‘ఇతరులు’ అన్న మాట వెనుక దాగాలో పట్టికే నిర్ణయిస్తుంది. రెండు శతాబ్దాలకు పైబడిన అమెరికా జనగణన చరిత్రలో ఏ వర్గీకరణా శాశ్వతం కాలేదు. మెక్సికన్లు, భారతీయులు, మిశ్రమజాతి కుటుంబాలు, ఇక్కడ ఆది ఆంధ్రులు – లెక్కకు వచ్చినవారే ప్రశ్నించినప్పుడు గడులు మారాయి. కనుక జనగణన పత్రాన్ని నింపడం పౌరుని బాధ్యత అయినట్లే, అందులోని ప్రశ్నలను పరిశీలించడం కూడా పౌరుని హక్కుగా భావించవలసి ఉంటుంది.