మీకు తెలుసా? కాలమును బంధించు గుళిక

పళ్లెములో ఒలికినంతనే వెండిపూసలై చెదరి, ఒండొంటిని తాకినంతనే మరల ఏకబిందువగు పాదరసమును కట్టి గుళికగా మలచినచో, దానిని నోట ధరించిన సిద్ధునకు జరామరణములు దూరమగునని, కాలము వానియెడ స్తంభించునని భారతీయ రసవాదులు భావించిరి.

ఇందులకై స్వేదనము, మర్దనము మొదలుగా 18 సంస్కారములను విధించిరి. సిద్ధమైన రసమును ముందుగా లోహముపై పరీక్షించి, పిదపనే దేహమునకు ప్రయోగింపవలెనని ‘రసార్ణవము’ అను రసవాద గ్రంథము శాసించుచున్నది. నాగార్జునసిద్ధుడు శ్రీపర్వతమున ఈ విద్యను సాధించెనని ఐతిహ్యము కలదు.

నీటికంటె సుమారు 13.5 రెట్లు బరువై, మైనస్ 38.8 డిగ్రీల సెల్సియస్ వరకు గడ్డకట్టని ఈ ద్రవలోహము సిద్ధులను అబ్బురపరచుటలో వింత లేదు. కాని కాలమును జయింపజేయునన్న ఆ ద్రవ్యమే ఆవిరియై ఊపిరితో లోనికేగినచో, నాడీమండలమును, మూత్రపిండములను చెరచి ఆయువునే హరించును.